ఒక అమెరికన్ అమ్మమ్మను జైలుకు పంపిన వైనం

అమెరికా వచ్చిన మొదటి మూడేళ్లూ నేను, ఇక్కడి ప్రభుత్వం వారి మాటల్లో, డిపెండెంట్‌ని. అంటే ఒకరి మీద ఆధారపడి బతికేదాన్ని. అందులో అబద్ధమేమీ లేదు కనుక పెద్దగా నొచ్చుకోలేదు. కెమిస్ట్రీలో పీజీ చేసి, తెనాలిలో రెండేళ్లు డిగ్రీ పిల్లలకి పాఠాలు చెప్పి, తీరా ఎడిసన్‌లో పొద్దున్నే మా ఆయన్ని న్యూయార్క్ రైలుకి దింపి వచ్చి, నాలుగేళ్ల కూతురికి రంగుపెన్సిళ్లు చెక్కిపెడుతూ కూర్చునేదాన్ని. ఆ వీసా మీద జీతం వచ్చే పని చెయ్యకూడదు. జీతం రాని పని ఎంతైనా చేసుకోవచ్చు. ఈ రెండో సౌకర్యం ఆడవాళ్లకి మన దగ్గర కూడా ఉంది కాబట్టి అలవాటు పడటానికి ఎక్కువ రోజులు పట్టలేదు.

లైబ్రరీలో పిల్లలకి కథలు చదివే గంట ఒకటి ఉంటుంది. మా అమ్మాయిని అక్కడ కూర్చోబెట్టి నోటీసు బోర్డు చూస్తుంటే ఒక కాగితం కనిపించింది. పక్క ఊళ్లో, పాత కాగితాలూ పాత కుర్చీలూ దాచిపెట్టే చారిత్రక సంఘం ఒకటి ఉందట. పాతకాలపు కర్సివ్ రైటింగ్ చదవగలిగే వాలంటీర్ కావాలట. జీతం లేదని కూడా స్పష్టంగా రాశారు. అంత స్పష్టంగా నన్నే ఉద్దేశించి రాసిన ప్రకటన అంతకుముందు నేను చూడలేదు.

కర్సివ్ రైటింగ్ అంటే మా బళ్లో నాలుగు గీతల కాపీ పుస్తకం. రోజుకొక పేజీ. అక్షరం పైగీత దాటినా, కిందిగీత అందకపోయినా మా టీచరు స్కేలు నిలువుగా తిప్పి వేళ్ల కణుపుల మీద వేసేది. ఆవిడ కొట్టిన దెబ్బలకి ఇన్నేళ్ల తరవాత న్యూజెర్సీలో గిరాకీ వచ్చింది. చదువుకున్న రసాయనశాస్త్రం అంతా అటకెక్కి, రెండో తరగతి కాపీ పుస్తకం పనికొచ్చిందని మా ఆయన నవ్వాడు. ఆయన రోజూ ఎవరో ఎప్పుడో రాసి వదిలేసిన కోడ్ చదివి అర్థం చేసుకునే ఉద్యోగం చేస్తాడు. ఆ మాటకొస్తే ఇద్దరిదీ ఒకటే పని అని నేనూ అన్నాను. ఆయనకి జీతం ఇస్తారు, అంతే తేడా.

సంఘం ఉన్నది ఒక పాత చెక్క ఇంట్లో. అక్కడ నన్ను పరీక్ష చేసినావిడకి ఎనభయ్యారేళ్లు. సన్నగా, పొడుగ్గా, మగవాళ్ల చొక్కా వేసుకుని, కాళ్లకి రన్నింగ్ షూస్‌తో ఉంది. చూపు మధ్యలో నల్లమచ్చ పడి, అంచుల్లో మాత్రమే కొంచెం ఆనుతుంది. అందుకని ఎవరితో మాట్లాడినా వాళ్ల చెవి పక్కకి చూస్తూ మాట్లాడేది. ఒక పాత ఉత్తరం నా చేతిలో పెట్టింది. నాకన్నా ముందు ఇద్దరు కాలేజీ విద్యార్థులు వచ్చారట. ఒకడు ఇది ఏ భాష అని అడిగాడట. ఇక్కడి పిల్లలకి బళ్లో ఆ రాత నేర్పడం ఎప్పుడో మానేశారు.

నేను తడుముకోకుండా చదివాను. అందులో ఒక అక్క తన చెల్లెలికి రాస్తోంది, ఈ ఏడు కూడా ప్లమ్ జామ్ గట్టిపడలేదనీ, నువ్వు రాసి పంపిన కొలతల్లో తప్పేమీ ఉండదని నమ్మడానికి శాయశక్తులా ప్రయత్నిస్తున్నాననీ. పెద్దావిడ ఉత్తరం నా చేతిలోంచి తీసుకుని మడిచింది. తరవాత గురువారాలు నాకు ఖాళీయేనా అని అడిగింది. అన్ని వారాలూ ఖాళీయేనని చెప్పడానికి సిగ్గేసి, కొంచెం ఆలోచించినట్టు నటించి సరేనన్నాను.

ఆవిడ తనని పేరుతోనే పిలవమంది. ఎనభయ్యారేళ్ల మనిషిని పేరు పెట్టి పిలిచే విద్య నాకెవరూ నేర్పలేదు. ఆంటీ అందామా అంటే, ఆంటీలంటే నీ ఫ్రెండ్స్ కదా మమ్మీ, షి ఈజ్ ఓల్డ్ అని మా అమ్మాయి అడ్డం పడింది. అందుకని ఏ పిలుపూ లేకుండా, ఆవిడ నావైపు తిరిగేదాకా ఆగి మాట్లాడేదాన్ని. చూపు ఆనని మనిషి దగ్గర ఇది పనికొచ్చే పద్ధతి కాదని గ్రహించడానికి నాకు నెల పట్టింది.

నేను చదవాల్సిన ఉత్తరాలన్నీ ఆవిడ అమ్మమ్మవి. ఒహాయోలో ఉండే చెల్లెలికి ఏళ్ల తరబడి రాసినవి. ఆ చెల్లెలి మనవలు ఎవరో ఇల్లు ఖాళీ చేస్తూ అటక మీద దొరికిన పెట్టెను అలాగే పోస్టులో పంపారు. పెట్టె వచ్చేసరికి ఈవిడ కళ్లు పోయి ఏడాది. తనకి పదేళ్లప్పుడే ఆ అమ్మమ్మ పోయింది. గుర్తున్నది ఆవిడ వంటింటి వాసనా, ఒక కథా.

ఆ కథేమిటంటే, అమ్మమ్మ జైలుకి వెళ్లింది. వందేళ్ల కిందట ఆడవాళ్లకి ఓటు కావాలని వాషింగ్టన్‌లో అధ్యక్షుడి ఇంటి గేటు ముందు బ్యానర్లు పట్టుకుని, నోరు మెదపకుండా నిలబడ్డ ఆడవాళ్లు ఉన్నారు. నిలబడినందుకే పోలీసులు పట్టుకెళ్లి జైల్లో పెట్టారు. ఈ ఊరి నుంచి వెళ్లినవాళ్లలో అమ్మమ్మ ఒకతె. ఇంట్లో అందరూ చెప్పుకునేది అదే, ఊరూ నమ్మింది అదే. చిన్నప్పుడు బళ్లో, నీకు నచ్చిన మనిషి గురించి చెప్పమంటే ఈవిడ చెప్పింది అదే. పెద్దయ్యాక తన కూతుర్ని ఊరి బేస్‌బాల్ జట్టులోకి రానివ్వకపోతే, టౌన్ మీటింగులో మూడు వందల మంది మధ్య ఒక్కతీ లేచి నిలబడిందట. అడుగు ముందుకి పడకపోతే, అమ్మమ్మ జైలుకెళ్లింది, నువ్వు మైకు దాకా వెళ్లలేవా అని తనకి తనే చెప్పుకుందట. ఆ మీటింగు తరవాత ఊళ్లో చాలామంది ఆవిడతో మాట్లాడటం మానేశారు. ఆడపిల్లలు మాత్రం బేస్‌బాల్ ఆడుతున్నారు.

ఇప్పుడు అమ్మమ్మ ఉన్న ఇంటి ముందు ఒక ఫలకం పెట్టడానికి సంఘం ఒప్పుకుంది. పోతపోసిన లోహపు ఫలకం. ఓట్ల కోసం జైలుకి వెళ్లిన స్త్రీ ఇక్కడ నివసించింది అని. కాకపోతే ఏదో ఒక కాగితం రుజువుగా చూపించాలి. రుజువు ఆ పెట్టెలోనే ఉంటుందని పెద్దావిడ నమ్మకం. ఎనభయ్యారేళ్ల వయసులో ఆవిడ ఇంకేదీ అడగటం లేదు. తను ఉండగా ఆ ఫలకం చూడాలి. చూడటమంటే, అక్కడ నిలబడాలి.

మా పద్ధతి ఇది. నేను పైకి చదువుతాను, ఆవిడ బల్ల మీద చిన్న రికార్డరు పెట్టి వింటుంది. తరవాత నేను ఫోన్‌తో ఫొటోలు తీసుకుని ఇంటికెళ్లి టైపు చేస్తాను. ఆ రెండు గంటలూ మా అమ్మాయిని మా పై అపార్ట్‌మెంట్‌లో ఉండే స్నేహితురాలు చూసుకునేది. కరీంనగర్‌లో పళ్ల డాక్టరు. ఇక్కడ ఆ డిగ్రీ చెల్లదు కనుక పరీక్షలన్నీ మళ్లీ మొదటి నుంచి రాస్తోంది. సోమ మంగళవారాలు ఆవిడ కొడుకు మా ఇంట్లో, గురువారం మా అమ్మాయి వాళ్లింట్లో. ఈ ఒప్పందం గురించి మేం ఎప్పుడూ కూర్చుని మాట్లాడుకున్నది లేదు.

అమ్మమ్మ పొదుపరి. కాగితం నిండిపోతే దాన్ని అడ్డంగా తిప్పి, రాసిన వరసల మీదే మళ్లీ రాసేది, కిటికీ జల్లెడలాగా. ఆ కాలానికే అది పాతబడ్డ పద్ధతట. మా ఇళ్లలో ఇన్‌లాండ్ లెటర్ అంచుల్లో, మడతల్లో, చివరికి జిగురు రాసే చోట కూడా క్షేమసమాచారాలు ఇరికించిన వంశం కనుక నాకు అది చుట్టరికంలా అనిపించింది. ఆవిడ రాతా అలాగే ఉండేది. ఒకసారి ఈ రాష్ట్రంలో ఆడవాళ్లకి ఓటు ఇవ్వాలా వద్దా అని మగవాళ్లంతా ఓటేసి, వద్దని తేల్చారు. ఆ వారం ఉత్తరంలో ఆవిడ రాసింది: మా ఆయన ఎటు ఓటేశాడో చెప్పలేదు. నేను అడగలేదు. బంగాళాదుంపలు మాత్రం రెండు రోజులు ఉడకబెట్టకుండానే వడ్డించాను.

ఇలా రెండు నెలలు జామ్, జలుబు, చర్చిలో తగాదాలు చదివాక అసలు ఉత్తరం దొరికింది. అప్పటికి ఫలకం మీద మాటలు పంపడానికి ఇంకా నాలుగు రోజులే గడువు. మొదటి వాక్యంలోనే వాషింగ్టన్ అని ఉంది. నేను ఆ మాట అనగానే పెద్దావిడ కుర్చీ ముందుకి లాక్కుంది.

ఆగస్టులో మన వాళ్లు వాషింగ్టన్ బయల్దేరారు, అని చదివాను. నేనూ వస్తానని పేరిచ్చాను. సంచీ సర్దుకున్నాను. స్టేషన్ దాకా వెళ్లాను.

తరవాతి వాక్యం, రైలెక్కలేదు అని.

ఆవిడ రెండు చేతులూ బల్ల మీద పెట్టుకుని నా చెవి పక్కకి చూస్తోంది. రికార్డరు ఎర్రలైటు వెలుగుతోంది. నేను రైలెక్కాను అని చదివాను.

ఇలాంటి పనులు ఆలోచించి చేసేవి కావు. నాకు అదొక పాత వృత్తి. చిన్నప్పుడు మా వీధిలో చదువురాని వాళ్లకి ఉత్తరాలు చదివిపెట్టేది నేనే. చెడ్డ కబురు ఉంటే ఉన్నపళాన చదవకూడదని మా అమ్మ ముందే చెప్పి ఉంచింది. పాలుపోసే ఆవిడకి రాజమండ్రి నుంచి చెల్లెలు రాసేది, అన్నీ తిట్లే. నేను ఆ తిట్లు వదిలేసి, అక్కా నువ్వు గుర్తొస్తున్నావు అని చదివేదాన్ని. ఈవిడ మెత్తబడి, నాతోనే ప్రేమగా జవాబు రాయించేది. రెండేళ్లలో వాళ్లు కలిసిపోయారు. అందులో నా పాత్ర ఎంతో వాళ్లకి ఇప్పటికీ తెలియదు. తొమ్మిదేళ్ల వయసులో అలాంటి విజయం వస్తే మనిషి బాగుపడటం కష్టం.

ఆ తరవాత పేజీ అంతా నేనే రాశాననుకోవచ్చు. దారిపొడుగునా పాటలు పాడుకున్నారని చెప్పాను. జైల్లో చలిగా ఉందనీ, ఇచ్చిన కంబళి పలచగా ఉందనీ చెప్పాను. భయపడకు చెల్లీ అని కూడా రాసిందన్నాను. నాకు ఆపడం తెలియలేదు. పెద్దావిడ కళ్లజోడు తీసి తుడుచుకుంది. ఆ కళ్లజోడుతో ఆవిడకి ఏ ఉపయోగమూ లేదు, పాత అలవాటు కొద్దీ పెట్టుకునేది. నా చెయ్యి పట్టుకుని థాంక్యూ అంది. నేను యూ ఆర్ వెల్‌కమ్ అన్నాను. నా జీవితంలో అంతకన్నా తక్కువ అర్హతతో ఆ మాట అన్న సందర్భం గుర్తులేదు.

శుక్రవారం మధ్యాహ్నం మా అమ్మాయి నిద్రపోయాక ఉత్తరం మిగతాది చదివాను. అడ్డంగా రాసిన భాగంలో సంగతంతా ఉంది.

స్టేషన్లో నా కాళ్లు ఎక్కనన్నాయి, అని రాసింది ఆవిడ. మిగిలిన నలుగురూ ఎక్కారు. రైలు కదులుతుంటే కిటికీలోంచి ఒకావిడ మా పిల్లల్ని చూస్తూ ఉండమంది. మిగతా ముగ్గురూ అదే మాట అన్నారు. వాళ్లవాళ్లు ఎనిమిది మంది, నా వాళ్లు ముగ్గురు. నాలుగో రోజుకి ఒకడికి కోరింత దగ్గు. వారం తిరిగేసరికి పదకొండు మందికీ. హెల్త్ బోర్డు మనిషి వచ్చి ఎవరూ లోపలికి రాకూడదు, బయటికి పోకూడదని తలుపు మీద కార్డు కొట్టి పోయాడు. మా ఆయన ఆ రోజు దుకాణంలో ఉన్నందుకు దేవుడికి దణ్ణం పెట్టుకుని అక్కడే ఉండిపోయాడు. మా అత్తగారు మేడమీదికి వెళ్లి తలుపేసుకుంది, ఆరు వారాలు దిగలేదు. నేను ఆరు వారాలు పక్క మీద పడుకోలేదు, ఎవరు దగ్గితే వాళ్ల దగ్గర కుర్చీలో కూర్చున్నాను. ఒక్కరూ పోలేదు. ఇది నేను నీకు గొప్పగా చెప్పుకుంటున్నాను, ఇంకెవరికీ చెప్పను. చర్చిలో నేను కనిపించకపోయేసరికి, నేనూ జైల్లోనే ఉన్నాననీ, పిల్లల్ని చూస్తున్నది మా అత్తగారనీ ఊరంతా అనుకుంది. తిరిగొచ్చిన ఆ నలుగురూ కాదనలేదు. బయటికొచ్చాక పాస్టరుగారి భార్య నాకు లేచి కుర్చీ ఇచ్చింది. కాదని చెబుదామనుకున్నాను. కాళ్లు నొప్పులుగా ఉన్నాయి, కూర్చున్నాను.

నేను ఆ పేజీని రెండోసారి చదివాను. తరవాత అమ్మాయి లేచాక దాన్ని వెంటబెట్టుకుని పైకి వెళ్లి నా స్నేహితురాలికి చెప్పాను. ఆవిడ ప్లాస్టర్ పళ్ల సెట్టు ఒకటి ముందు పెట్టుకుని ఏదో చెక్కుతోంది. తలెత్తకుండానే అంతా విన్నది.

"అయితే గా ముసలామె అమ్మమ్మని నువ్వే జైల్ల ఏసినవన్నట్టు" అంది.

"నేను కావాలని చెయ్యలేదే."

"కావాల్నని ఎవరు చేస్తరక్కా. పోయి చెప్పు. సోమారం దాకా ఆగితే ఇనుము మీద పోతపోస్తరు. మల్ల ఎరేజర్ పని చెయ్యది." కాసేపాగి, "పదకొండు మందా? ఒక్కతే చూసిందా?" అని అడిగింది. అవునన్నాను. చేతిలో పళ్లు కింద పెట్టేసింది. "ఇద్దరు ఉంటెనే నాకు గురువారం సాయంత్రానికి పానం పోతది" అంది.

మా ఆయన కూడా తన భాషలో అదే చెప్పాడు, ప్రొడక్షన్‌లోకి వెళ్లకముందే ఫిక్స్ చెయ్యాలని.

శనివారం పొద్దున్నే పెద్దావిడ ఇంటికి వెళ్లాను. పిలవకుండా ఒకరింటికి వెళ్లడం ఇక్కడ చిన్న నేరం కాదు, కానీ అప్పటికే నా ఖాతాలో పెద్దది ఉంది. ఆవిడ వంటింట్లో కూర్చోబెట్టింది. నేను నిలబడే చెప్పాను. ఉత్తరంలో రైలెక్కలేదని ఉందనీ, నేను ఎక్కాననే చదివాననీ, ఆ తరవాతది అంతా నేను అల్లిందేననీ.

ఆవిడ రికార్డరు తెచ్చి బల్ల మీద పెట్టింది. 

"ఆగస్టులో వెళ్లారని నువ్వే చదివావు, తరవాత జైల్లో చలిగా ఉందన్నావు" అంది. "నేను ఒకసారి జులైలో వాషింగ్టన్‌లో ఊరేగింపులో నడిచాను. నా షూస్ తారుకి అతుక్కున్నాయి. ఏదో తేడాగా ఉందని రెండు రోజుల నుంచి ఆ టేపు తిప్పి తిప్పి వింటున్నాను. కాగితం తడిసి నీకు అక్షరాలు సరిగా కనిపించలేదేమో అనుకున్నాను. నువ్వు అబద్ధం చెప్పావని మాత్రం అనుకోలేదు."

నేను సారీ చెప్పాను. మీరు బాధపడతారనుకున్నానన్నాను.

"నేను ఏది తట్టుకోగలనో నిర్ణయించమని నిన్నెవరు అడిగారు?"

ఎవరూ అడగలేదన్నాను.

"నా కళ్లు పోయాయి డియర్, నేను చిన్నపిల్లని కాలేదు. ఆ ఆడవాళ్లు గేటు ముందు నిలబడింది దేనికనుకున్నావు? వాళ్లకి ఏది మంచిదో వాళ్లని అడక్కుండా పక్కవాళ్లు నిర్ణయిస్తున్నారనే కదా."

  నేను ఆ పెట్టెలో ఉత్తరాలు అరవై దాకా చదివాను, వాటిలో ఉన్నదంతా ఆవిడ ఒక్క ముక్కలో నా మొహాన చెప్పింది. అంత శుభ్రంగా నన్ను ఎవరూ తిట్టలేదు. మా ఇళ్లలో ఇలాంటి పని చేస్తే, పోనీలే పిల్ల మంచి మనసుతో చేసింది అనేవాళ్లు. నేను అలాగే ముసలిదాన్నయి ఉండేదాన్ని. ఆ వంటింటికి నేను రుణపడి ఉన్నదాంట్లో పెద్ద భాగం ఇదే.

తరవాత ఆవిడ ఉత్తరం తీయించింది. మొత్తం చదవమంది. రైలెక్కలేదు దగ్గర ఆగాను. ఆగకు అంది. పదకొండు మంది పిల్లల దగ్గరకి వచ్చేసరికి చెయ్యెత్తి, మళ్లీ చదవమంది. కుర్చీ ముక్క రెండుసార్లు చదివించుకుంది. ఆఖరుకి, తనకి గుర్తున్నంతలో అమ్మమ్మ ఎవరికైనా జలుబు చేస్తే పక్కనే కుర్చీ వేసుకుని కూర్చునేదనీ, పొమ్మన్నా పోయేది కాదనీ చెప్పింది. అలా ఎందుకు కూర్చునేదో ఎప్పుడూ అడగలేదట.

"నేను ఆ రోజు మీటింగులో లేచింది ఆవిడ జైలుకెళ్లిందని" అంది. "ఆవిడ వెళ్లలేదు. అయితే నేను లేచింది దేన్ని చూసుకుని?"

ఇది నన్ను అడిగిన ప్రశ్న కాదు కనుక, నేర్చుకున్న బుద్ధికొద్దీ నోరు మూసుకున్నాను. ఇంటికి వెళ్లమంది. వెళ్లాను. గురువారం రమ్మని మాత్రం అనలేదు.

సోమవారం ఆవిడ ఫలకం ఆపించింది. మంగళవారం నాకు ఫోన్ చేసింది. బుధవారం సాయంత్రం సంఘం మీటింగు ఉంది, వచ్చి ఆ ఉత్తరం చదవాలి అంది. ఇంకెవరినైనా అడగమన్నాను. "ఇంకెవరికి వచ్చు?" అంది. తరవాత, "ఈసారి టేపు లేదు. నాతో కలిపి ఎనిమిది మంది మనుషులు ఉంటారు" అని పెట్టేసింది.

ఏడుగురు సభ్యులు, మడత కుర్చీలు, నీళ్ల కాఫీ. ఎవరూ నా వీసా అడగలేదు, ఈ దేశంలో నాకు ఓటుందా అని అడగలేదు. మూడు నిమిషాలు ఎవరైనా మాట్లాడవచ్చని గోడ మీద రాసి ఉంది. నేను పదకొండు నిమిషాలు చదివాను, ఎవరూ ఆపలేదు. కోరింత దగ్గు దగ్గర వెనక వరసలో ఎవరో దగ్గారు. పాపం ఆయన దాన్ని ఆపుకోవడానికి చాలా ప్రయత్నించాడు.

సంఘం అధ్యక్షుడు ఇన్సూరెన్స్‌లో పనిచేసి రిటైరైన మర్యాదస్తుడు. హృదయాన్ని బాగా హత్తుకునే ఉత్తరమే గానీ, ఫలకాలు చరిత్రలో ఏదైనా చేసినవాళ్లకి పెడతామనీ, ఇందులో ఈవిడ చేసినదేమిటో కొంచెం తేల్చుకోవాలనీ అన్నాడు.

"పదకొండు మంది పిల్లలు, ఆరు వారాలు" అంది పెద్దావిడ. "నీకు నలుగురు మనవలు. వాళ్లతో ఒక్కడివే ఆరు గంటలు ఎప్పుడైనా ఉన్నావా?"

ఆయన నిజాయితీపరుడు కనుక లేదన్నాడు. ఉద్యమానికి సహకరించిన స్త్రీ అని పెడదామా అన్నాడు. సహకరించడమంటే బిస్కెట్లు సర్దిపెట్టడమని, ఆ మాట వద్దని పెద్దావిడ అంది. ఆ నలుగురూ ఇంటి మీద దిగులు లేకుండా జైల్లో కూర్చోగలిగారంటే, ఆ కూర్చోవడంలో సగం ఈ ఇంట్లో జరిగిందని అంది. సరే, పిల్లల సంగతి రాద్దాం, రైలు సంగతి వదిలేద్దాం అన్నాడాయన. ఫలకం మీద ఎవరైనా చేసినవి రాస్తారు గానీ చెయ్యనివి రాయరు కదా అని.

"అది ఉండాల్సిందే" అంది ఆవిడ. "లేకపోతే ఇంకో యాభై ఏళ్లకి ఎవరో ఒక మంచి మనసున్న మనిషి వచ్చి ఆవిణ్ణి మళ్లీ జైలుకి పంపిస్తుంది." అని నా చెవి పక్కకి చూసింది.

ఏడుగురూ నవ్వారు. వాళ్లకి అందులో సగమే అర్థమైంది. నాకు పూర్తిగా అర్థమై, చేతిలో కాఫీ కప్పులోకి చూశాను. క్షమించేశానని ఆవిడ నాతో ఎప్పుడూ అనలేదు. నలుగురిలో నామీద జోకు వేసింది. మా వైపు కూడా దాన్ని క్షమించడం కిందే లెక్కవేస్తారు.

ఓటింగులో నలుగురు పెద్దావిడ వైపు, ముగ్గురు రైలు మాట వద్దని. అధ్యక్షుడు పెద్దావిడ వైపే వేశాడు. బయటికి వస్తూ ఆవిడ, గురువారం పదింటికి, ఆలస్యం చెయ్యకు అంది.

ఫలకం వచ్చేసరికి వసంతం వచ్చింది. ఇరవై మంది దాకా పేవ్‌మెంట్ మీద నిలబడ్డారు. నా స్నేహితురాలు పుస్తకం ఒక చేతిలో, మా ఇద్దరి పిల్లలు రెండో చేతిలో పెట్టుకుని వచ్చింది. వాళ్లు ఆ ఇంటి పూలమొక్కల మీద పడకుండా ఆపడమే సరిపోయింది ఆవిడకి. ఎండ బాగా ఉంది. గుడ్డ తీశారు. నీలం రంగు లోహం మీద తెల్లటి అక్షరాలు, ఉబ్బెత్తుగా.

అందరూ ఎవరైనా చదువుతారేమోనని చూశారు. నేను గొంతు సవరించుకున్నాను. పెద్దావిడ నన్ను చదవమనలేదు. స్తంభం దగ్గరికి వెళ్లి, చేతికర్ర నా చేతికిచ్చి, కుడిచేతి వేళ్లు మొదటి అక్షరం మీద పెట్టింది. ఒక్కొక్కటీ తడుముతూ వెళ్లింది. పది నిమిషాలు పట్టింది. ఫోన్లు పట్టుకున్న వాళ్లు చేతులు దించారు, మళ్లీ ఎత్తారు. రైలెక్కలేదన్న చోట వేలు ఆగింది. వెనక్కి వచ్చి ఆ మాటలు ఇంకోసారి తడిమింది. తరవాత పదకొండు అన్న అంకె మీద చెయ్యి పరిచి ఉంచింది, జ్వరం చూసినట్టు.

"సరిగ్గా ఉంది" అంది, ఎవరితోనూ కాకుండా.

తరవాత పక్కకి జరిగి, వాళ్లకి వినబడేలా ఇప్పుడు చదవమని నాతో అంది. ఐదు వాక్యాలే. చదివాను.